నాన్న పోయాక నౌకరీ

రాయ్‌పూర్, బిలాస్‌పూర్, ఖరగ్‌పూర్ రైల్వే కాలనీల్లో ఇవాళ్టికీ తెలుగు వినపడుతోందంటే అందుకు బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే కారణం. విజయనగరం, శ్రీకాకుళం వైపు నుంచి గ్యాంగు పనికీ ఖలాసీ పనికీ వచ్చినవాళ్లు అక్కడే ఉండిపోయారు. రాయ్‌పూర్ నుంచి ధమ్‌తరీకి వేసిన చిన్నలైను కూడా ఆ కంపెనీదే. అది అభన్‌పూర్ దగ్గర చీలి ఒక పాయ రాజిమ్‌కి వెళ్లేది. ఇప్పుడు ఆ చిన్నబండి లేదు. 2025 మార్చి 30 నుంచి మందిర్ హసౌద్ మీదుగా రాయ్‌పూర్, అభన్‌పూర్ మధ్య మెమూ నడుస్తోంది. బళ్లు మారినా ఆ కాలనీల్లో ఒక మాట మాత్రం మారలేదు: నాన్న పోయాక నౌకరీ. సర్వీసులో ఉండగా పోయిన ఉద్యోగి ఇంట్లో ఒకరికి ఇచ్చే కారుణ్య నియామకం అది, హిందీలో అనుకంపా నియుక్తి. ప్రతి వీధిలోనూ ఆ నౌకరీ వచ్చిన ఇల్లు ఒకటుంటుంది, రాని ఇల్లు ఒకటుంటుంది.

ఇక్కడ మాట్లాడుకునే ఇద్దరూ అలాంటి కుటుంబం వాళ్లే. మావయ్య రైల్వేలో వెల్ఫేర్ ఇన్‌స్పెక్టరుగా చేసి రిటైరై అభన్‌పూర్‌లో ఇల్లు కట్టుకున్నాడు. ఆయన అక్క కూతురు ఈ బ్లాకులోనే సర్కారు బడి టీచరు, ఒకప్పటి శిక్షాకర్మి, అంటే పంచాయతీ పెట్టుకున్న టీచరు. తనతోపాటు పనిచేసి చనిపోయిన మాస్టారి భార్యను ఆవేళ మావయ్య దగ్గరికి తీసుకొచ్చింది. ఆవిడ వెళ్లిపోయాక మొదలైన వాదన ఇది.

మేనకోడలు: ఏమైనా దారి చూపిస్తావని తీసుకొస్తే ఉత్త చేతులతో పంపేశావు.

మావయ్య: ఉద్యోగం మీద ఆశ పెట్టుకుని ఇంకో ఏడాది తిరగొద్దన్నాను. ఉన్నమాట చెప్పాను. ఆ సంచీ చూశావా? మరణ ధ్రువపత్రం, ఆధారపడినవాళ్ల జాబితా, అత్తగారూ మరిదీ సంతకాలు పెట్టిన నిరభ్యంతర పత్రం, నోటరీ చేయించిన శపథ్‌పత్ర్ (అఫిడవిట్), పది, పన్నెండు మార్కుల జాబితాలు. ఒక్కోదానికీ అరడజను జిరాక్సులు. అడుగున ఆయన ఫొటో, లామినేషన్ చేయించింది. ఇదెవరు అడిగారమ్మా అంటే, "ఎప్పుడు ఏమడుగుతారో తెలీదు కదండీ" అంది. ఆ సంచీని ఇంకెన్నాళ్లు మోయమని చెప్పను?

మేనకోడలు: మరి ఏం చేయమంటావు?

మావయ్య: అది వేరే సంగతి. ముందు ఈ నౌకరీ సంగతి చెప్తాను విను. వెల్ఫేర్ ఇన్‌స్పెక్టరు పని ఏమిటి? పోయినవాడి ఇంటికి వెళ్లాలి. పన్నెండో రోజు అయిందో లేదో ఫారాలు తీయాలి. ఎవరెవరున్నారు, ఎవరేం చదివారు, ఎవరికి పెళ్లయింది, ఎవరు ఎవరి మీద ఆధారపడ్డారు, అన్నీ రాసుకోవాలి. ఆ ఏడుపుల మధ్య చివరగా అడగాల్సింది ఒకటుంటుంది: ఉద్యోగం ఎవరికి? అది అడిగాక ఆ ఇల్లు అంతకుముందులా ఉండదు. తల్లి చిన్నవాడికి అంటుంది. పెద్దకోడలు తన మొగుడికి అంటుంది. కూతురు ఏమీ అనదు, గుమ్మం దగ్గర నిలబడి వింటుంది. సర్వీసంతా ఇదే చూశాను. అందుకే అంటున్నాను, చావు జరిగిన ఇంటికి ఇవ్వాల్సింది డబ్బు. నెలనెలా, అడక్కుండా, ఆ మొదటి నెల నుంచే. ఉద్యోగాన్ని మాత్రం పరీక్ష రాసేవాళ్లకి వదిలేయాలి.

మేనకోడలు: నీకు వచ్చింది ఆ ఉద్యోగమే కదా మావయ్యా.

మావయ్య: అదే. మీ తాతయ్య లైను మీద పోయాడు, నాకు ఇచ్చారు. అప్పటికి నాకు మీసాలు కూడా సరిగా రాలేదు. ఇన్నాళ్లూ తిన్నది ఆ అన్నమే, కాదనను. కానీ ఆవేళ ఏం జరిగిందో కూడా చెప్పాలి కదా. మీ అమ్మ నాకన్నా పెద్దది. చదువులో నేను ఆవిడ దరిదాపుల్లో లేను. మెట్రిక్ ఫస్టుక్లాసులో పాసయింది, నేను గట్టెక్కానంతే. ఉద్యోగం ఎవరికి అన్నప్పుడు ఊరి నుంచి వచ్చిన పెద్దలంతా నావైపు చూశారు. ఆడపిల్ల, రేపు ఇంకో ఇంటికి పోతుంది అన్నారు. మీ అమ్మ నిరభ్యంతర పత్రం మీద సంతకం పెట్టింది. ఆ కాగితం ఇప్పటికీ నా సర్వీసు ఫైల్లో ఉండే ఉంటుంది. నేను చెల్లెళ్ల పెళ్లిళ్లు చేశాను, అమ్మను చివరిదాకా చూసుకున్నాను. ఎంత చేసినా అక్క చదువు అక్కడ ఆగిపోయింది. అదే తాతయ్య జీతం నెలనెలా ఇంటికి వస్తూ ఉంటే నలుగురం చదువుకునేవాళ్లం. ఉద్యోగాన్ని నలుగురికి పంచలేం.

మేనకోడలు: అమ్మ ఆ సంగతి నా దగ్గర ఒక్కసారి కూడా ఎత్తలేదు. నన్ను మాత్రం ఏ పరీక్షా వదలనివ్వలేదు. కానీ మావయ్యా, నువ్వు చెప్పిన అన్యాయం అమ్మకి ఇవ్వకపోవడంలో ఉంది. ఉద్యోగం ఇవ్వడం ఏం పాపం చేసింది? ఆడపిల్లల సంగతి ఇప్పుడు మారుతోంది కూడా. 2015లో మన బిలాస్‌పూర్ హైకోర్టే, పెళ్లయిందన్న ఒక్క కారణంతో కూతుర్ని పక్కన పెట్టడం రాజ్యాంగానికి విరుద్ధం అంది.

మావయ్య: అది మంచి తీర్పే. అదే రాజ్యాంగంలో 16వ అధికరణం ఉంది. సర్కారు కొలువులో అందరికీ సమాన అవకాశం అంటుంది, వంశాన్ని బట్టి ఎవరికీ తేడా చూపకూడదంటుంది. 1994లో హర్యానా కేసులో సుప్రీంకోర్టు దీన్ని విడమరిచి చెప్పింది. ఈ నియామకం హక్కు కాదు, మామూలు నియామకానికి మినహాయింపు. ఇంటి యజమాని హఠాత్తుగా పోతే ఆ కుటుంబం ఆ గండం దాటడానికి ఇచ్చే చేయూత. అందుకే మూడు, నాలుగు శ్రేణుల పోస్టులకే. ఎప్పుడో ఏళ్ల తర్వాత వచ్చి నా వాటా ఏదీ అని అడగడానికి వీల్లేదు. 2025 ఫిబ్రవరిలో కెనరా బ్యాంకు కేసులో కూడా అదే అంది. ఆ కుటుంబానికి నిజంగా పూట గడవని స్థితి ఉందా లేదా అని చూడాల్సిందే, చనిపోయాడు కాబట్టి ఇచ్చెయ్యడం కుదరదు అని.

మేనకోడలు: పూట గడవని స్థితిని కొలిచేది ఎవరు? నువ్వే కదా ఇళ్లకి వెళ్లి కొలిచావు. ఎలా కొలిచావు?

మావయ్య: ఇంట్లోకి వెళ్తే తెలుస్తుందమ్మా.

మేనకోడలు: నీకు తెలుస్తుంది. కమిటీలో కూర్చున్నవాడికి కాగితం తెలుస్తుంది. కుటుంబ పింఛను ఇంత, గ్రాట్యుటీ ఇంత, బీమా ఇంత, కూడితే ఇంత, కాబట్టి వీళ్లకి కష్టం లేదు. ఆ గ్రాట్యుటీలోంచే ఆసుపత్రి అప్పు తీర్చారని ఆ లెక్కలో ఉండదు.

మావయ్య: అది నిజం. కానీ నేను చూసిన రెండో వైపు నువ్వు చూడలేదు. మా రైల్వేలో లార్స్‌గెస్ అని ఒక పథకం ఉండేది. 2004లో మొదలైంది. ట్రాక్‌మన్లు, డ్రైవర్లు ముందే రిటైరైతే వాళ్ల పిల్లలకి ఉద్యోగం. కాలనీలన్నీ పండగ చేసుకున్నాయి. చదువు మానేసి నాన్న రిటైర్మెంటు కోసం ఎదురుచూసిన కుర్రాళ్లు ఎంతమందో! పంజాబ్, హర్యానా హైకోర్టు 2016లో ఇది దొడ్డిదారి అంది. 2017లో ఆపారు, 2018లో ఎత్తేశారు. సింగరేణి బొగ్గు గనులు చూడు. వారసత్వ ఉద్యోగాలు మళ్లీ తెస్తామని 2016లో తెచ్చారు. 2017 మార్చిలో హైదరాబాద్ హైకోర్టు కొట్టేసింది. తర్వాత అనారోగ్యంతో పని చేయలేని వాళ్ల పిల్లలకి అని కారుణ్య నియామకాల పేరుతో తీసుకొచ్చారు. బావిలో ఒళ్లు గుల్ల చేసుకున్నవాడికి మెడికల్ బోర్డు అన్‌ఫిట్ అని రాస్తుందా రాయదా అని ఇల్లంతా ఊపిరి బిగబట్టి కూర్చుంటుంది. కన్నతండ్రికి రోగం ఉందని తేలితే ఊరట పడాల్సిన గతి పిల్లలకి పట్టించింది ఈ పద్ధతి. 2020లో పెద్దపల్లి జిల్లాలో సింగరేణి ఉద్యోగం కోసం తండ్రినే చంపాడని కొడుకు మీద పోలీసులు కేసు పెట్టారు. అదే ఏడాది జార్ఖండ్ బొగ్గు గనుల దగ్గర కూడా అలాంటిదే ఇంకొకటి.

మేనకోడలు: బీమా డబ్బు కోసం కూడా హత్యలు జరుగుతున్నాయి. అందుకని బీమా ఎత్తేస్తామా? లార్స్‌గెస్ బతికున్నవాళ్ల ఏర్పాటు. సింగరేణి వారసత్వం అంతకన్నా పెద్ద గొడవ, దాని వెనక బావిలో పోయిన తరాల కథ ఉంది, ఓట్ల లెక్క కూడా ఉంది. నేను అడుగుతున్నది ఒక్కటే. మొగుడు పోయిన ఆడమనిషి, ఇద్దరు పిల్లలు. ఆవిడకి నెలనెలా డబ్బిస్తే చాలా?

మావయ్య: ఎందుకు చాలదు? హర్యానా చేసి చూపించింది కదా. 2006లో అక్కడ నియమాలు మార్చి, పోయిన ఉద్యోగి ఆఖరి జీతం ఎంతో అంతా కుటుంబానికి ఇచ్చుకుంటూ పోయారు. చిన్న వయసులో పోతే 15 ఏళ్లు, నడి వయసైతే 12, అంతకు మించితే 7 ఏళ్లు. జీతం ఆగలేదు, పిల్లల చదువు ఆగలేదు. ఉద్యోగం ఎవరికి అని ఆ ఇంట్లో ఎవరూ అడగాల్సిన పని లేదు. ఆ ఖాళీ పరీక్షకి వెళ్లింది, ఏ కూలివాడి కూతురో రాసి తెచ్చుకుంది. నాకు ఇంతకన్నా ధర్మమైన పద్ధతి కనపడలేదు.

మేనకోడలు: అదే హర్యానా 2019లో మళ్లీ నియమాలు రాసి, డబ్బో ఉద్యోగమో ఏదో ఒకటి ఎంచుకోమని ఎందుకంది మరి? బ్యాంకులు కూడా 2004 తర్వాత ఉద్యోగాలు ఆపి డబ్బిచ్చాయి. 2014 ఆగస్టు నుంచి ఉద్యోగాలు మళ్లీ మొదలుపెట్టాయి. డబ్బుతో సరిపోతే వెనక్కి ఎందుకు వచ్చారు?

మావయ్య: యూనియన్లు అడిగాయి.

మేనకోడలు: యూనియన్లను అడిగించిందెవరు? మా సంకుల్‌లో, అంటే మా స్కూళ్ల క్లస్టరులో, ఒక హైస్కూల్లో ఒకావిడ ఉంది, అనుకంపా నియుక్తి మీద భృత్యగా, అంటే ప్యూనుగా వచ్చింది. గంట కొట్టడం, రిజిస్టర్లు మోయడం, పెద్దసార్లకి నీళ్లివ్వడం ఆవిడ పని. భర్త పోయిన మొదటి ఏడాది పింఛను వచ్చేది. ఆ పాసుబుక్కు మరిది దగ్గర ఉండేది. సబ్బు కావాలన్నా అత్తని అడగాలి. ఉద్యోగం వచ్చాక మొదటి నెల జీతంతో ఆవిడ ఏం కొనుక్కుందో తెలుసా? ఒక పర్సు. జిప్పు ఉన్నది. పొద్దున్న తొమ్మిదిన్నరకి తల దువ్వుకుని చెప్పులేసుకుని ఆ పర్సు చంకలో పెట్టుకుని రోడ్డు మీద నడిచి వస్తుంది. విధవని బయటికి వెళ్లొద్దన్న మనుషులే, "బడికి టైమైంది, ఆవిణ్ణి ఆపకండి" అంటున్నారు. పదివేలు ఎక్కువ పింఛను ఇచ్చినా ఆ నడక రాదు మావయ్యా. పాసుబుక్కు మరిది దగ్గరే ఉంటుంది.

మావయ్య చాలాసేపు మాట్లాడలేదు. ఆయన దగ్గర జవాబు లేక కాదు, ఆ జవాబు ఆ తర్వాత చెప్పాడు కూడా. ఉద్యోగం ఇచ్చాక ఆ జీతం ఏటీఎం కార్డు కొడుకు చేతిలో ఉన్న ఇళ్లు తనకి తెలుసునన్నాడు. తల్లిని చూసుకుంటానని శపథ్‌పత్ర్ రాసిచ్చి ఉద్యోగంలో చేరి, ఏడాదికి తల్లిని ఊళ్లో వదిలేసిన కొడుకుల మీద ఫిర్యాదులు తానే విచారించానన్నాడు. అన్నీ నిజాలే. అయినా, ఆ పర్సు మాట దగ్గర ఆయన వాదన కాస్త సడలిందని ఇది రాస్తున్న నాకు అనిపించింది. డబ్బు ఇంటికి వస్తుంది, ఉద్యోగం మనిషికి వస్తుంది. ఉద్యోగాన్ని నలుగురికి పంచలేమన్న ఆయన ఫిర్యాదే, ఆవిడ విషయంలో ఆవిడకి రక్ష అయింది. దాన్ని ఎవరూ లాక్కోలేరు.

మావయ్య: సరే, ఆవిడకి ఉద్యోగమే మేలనుకో. మరి పరీక్ష రాసేవాడి సంగతి? రాష్ట్ర కొలువుల కోసం రాసే వ్యాపం పరీక్షలకి ఈ అభన్‌పూర్ నుంచే ఎంతమంది పిల్లలు మెమూ ఎక్కి రాయ్‌పూర్ కోచింగులకి పోతున్నారో చూడు. వాళ్ల నాన్నలు రైతులు, మేస్త్రీలు, లారీ క్లీనర్లు. ఆ నాన్న పోతే ఏ సర్కారూ వాళ్లింటికి ఫారం పట్టుకుని రాదు. కాంట్రాక్టు కూలీ ట్రాకు మీద పోయినా రాదు. సర్కారు ఉద్యోగి పోతేనే కరుణా?

మేనకోడలు: అందుకే కదా దాన్ని లెక్కలో పెట్టారు. కేంద్రంలో గ్రూప్ సి నేరుగా భర్తీ చేసే ఖాళీల్లో 5 శాతం. మన రాష్ట్రంలో మూడో శ్రేణి పోస్టుల్లో 10 శాతం. పరీక్ష రాసేవాడి దారికి ఇది అడ్డం కాదు. అతని దారికి అడ్డం, ఏళ్ల తరబడి ఖాళీలు నింపకుండా ఉంచడం. వందలో తొంభై పోస్టులు నోటిఫికేషన్ లేకుండా పడి ఉంటే, మిగతా పది మీద విధవనీ నిరుద్యోగినీ కొట్టుకోమంటే ఎలా?

మావయ్య: మా రైల్వేలో ఆ 5 శాతం కట్టు లేదు. అందుకే నెలల్లో తేలిపోయేవి. చదువు లేని విధవకి కూడా అర్హత సడలించి కింది పోస్టు ఇచ్చేవాళ్లం. అది మాత్రం గర్వంగా చెప్తాను.

మేనకోడలు: చూశావా, నువ్వే చెప్తున్నావు. ఆ పది శాతం కట్టు బ్రహ్మరాత కూడా కాదు. కోవిడ్‌లో ఉద్యోగులు వరసగా పోతుంటే 2021 మే నెలలో ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం దాన్ని 2022 మే 31 దాకా సడలించింది. ఆంధ్రలోనూ ఆ ఏడాది నవంబరు నెలాఖరుకల్లా కోవిడ్ మృతుల ఇళ్లకి ఉద్యోగాలివ్వాలని గడువు పెట్టారు. తలుచుకుంటే అవుతుంది. తలుచుకోనప్పుడు ఏమవుతుందో కూడా విను. పశ్చిమ బెంగాల్లో బర్ద్వాన్ మునిసిపాలిటీ ఉద్యోగుల పిల్లలు 2005, 2006 ప్రాంతంలో దరఖాస్తులు పెట్టుకున్నారు. అవి నానాయి, నానాయి, 2023 మార్చిలో సుప్రీంకోర్టుకి చేరాయి. ఇన్నేళ్లు గడిచాక ఇంక తక్షణ సహాయం అన్నదానికి అర్థం లేదు అని కోర్టు తేల్చింది. అంటే ఆకలితో ఉన్నవాణ్ణి వాకిట్లో నిలబెట్టి, ఇన్నాళ్లు బతికావు కదా, నీకు అన్నం అక్కర్లేదన్నట్టు.

మావయ్య: దానికి ముందు ఏడాదే, 2022 మేలో, ఒడిశా కేసులో అదే సుప్రీంకోర్టు ఇంకో మాట చెప్పింది. ఈ దరఖాస్తుల్ని ఆరు నెలల్లో తేల్చెయ్యాలంది. అధికారులు నాన్చి, నాన్చి, ఈలోగా నియమాలు మారాయి కాబట్టి ఇవ్వం అంటే ఒప్పుకోలేదు.

మేనకోడలు: ఆ ఆరు నెలల మాటని ఎవరైనా గోడ మీద రాసుకున్నారా?

ఈ చోట నా మాట కూడా చెప్పాలి. ఉద్యోగమా డబ్బా అన్నదాని మీద నేను ఇద్దరిలో ఎవరి పక్కనా పూర్తిగా నిలబడలేను. ఆలస్యం మీద మాత్రం నాకు రెండో ఆలోచన లేదు. ఈ పథకానికి ఉన్న న్యాయమంతా తక్షణం అన్న ఒక్క మాటలో ఉంది. 16వ అధికరణానికి మినహాయింపు ఇచ్చింది కూడా ఆ అత్యవసరాన్ని చూసే. అత్యవసరాన్ని చూసి పుట్టిన ఫైలును ఏడేళ్లు బల్లల మీద తిప్పి, చివరికి అత్యవసరం తీరిపోయింది కాబట్టి ఇవ్వం అనడం దౌర్జన్యం. ఆ ఏడేళ్లలో అలాంటి ఇంటి పెద్దపిల్ల చదువు మానేస్తుంది. చిన్నవాడు హోటల్లో కప్పులు కడుగుతాడు. వాళ్లు గండం దాటారని ఏ అధికారి రాసినా, ఆ దాటడానికి ఆ పిల్లలు ఏమిచ్చుకున్నారో ఆ ఫైల్లో ఉండదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1977 అక్టోబరు 3న 687 నంబరు జీవో ఇచ్చినప్పుడు దీనికి పెట్టుకున్న పేరు సామాజిక భద్రతా చర్య. భద్రత అన్నది ఆలస్యంగా ఇచ్చేది కాదు.

మేనకోడలు: ఇప్పుడు ఇందాకటి ఆవిడ సంగతికి రా. ఆయనా నేనూ ఒకే ఆర్డరు మీద శిక్షాకర్మీలుగా చేరాం. ఒకే రిజిస్టర్లో సంతకం. నాకు జ్వరమొస్తే ఆయన నా క్లాసు చూసేవారు. పని మాస్టారి పనే, మేం మాత్రం పంచాయతీ మనుషులం. మాకన్నా ముందు చేరినవాళ్లు వందల్లో జీతాలతో మొదలెట్టారు. రోడ్లెక్కి, సమ్మెలు చేసి, దెబ్బలు తిని, చివరికి 2018 జూలై 1న ఎనిమిదేళ్లు నిండినవాళ్లని విద్యాశాఖలో కలిపారు. ఆయన పోయింది అంతకు ముందటి చలికాలం. ఆరేడు నెలల తేడా. నేను ఆ జూలైలో ప్రభుత్వ ఉద్యోగినయ్యాను. ఆయన చచ్చిపోయి పంచాయతీ మనిషిగానే మిగిలిపోయారు. అదే నేను ముందు పోయి ఉంటే, ఇవాళ ఆ సంచీ మోసుకుని నీ దగ్గరికి ఆ మాస్టారు మా ఆయన్ని తీసుకొచ్చేవారు.

మావయ్య: పంచాయతీ వాళ్లకి కూడా అనుకంపా నియమం ఉంది కదా?

మేనకోడలు: ఉంది. శిక్షాకర్మి పోస్టుకే ఇస్తాం, దానికి డీఎడ్ ఉండాలి, టెట్ పాసవ్వాలి. ఆవిడ పన్నెండో తరగతి. మొగుడు పోయి, ఇద్దరు పిల్లల్ని పెట్టుకుని, ఆవిడ డీఎడ్ ఎప్పుడు చదవాలి, టెట్ ఎప్పుడు రాయాలి? ప్యూనుగా అయినా ఇవ్వండి, క్లర్కుగా అయినా ఇవ్వండి, మా చదువుకి తగ్గదేదో ఇవ్వండి అని ఆవిడలాంటివాళ్లంతా రాయ్‌పూర్‌లో బూఢా తాలాబ్ దగ్గర కూర్చున్నారు. 2022 అక్టోబరులో కూర్చున్నవాళ్లు మరుసటి ఏడాది దాకా లేవలేదు. చలి, ఎండ, వాన, అన్నీ అక్కడే. చంటిపిల్లల్ని చాప మీద పడుకోబెట్టుకుని. వాళ్లలో కొందరు నలుగురూ చూస్తుండగా గుండ్లు కొట్టించుకున్నారు. నేను వెళ్లాను మావయ్యా. సెలవు పెట్టి వెళ్లాను. ఆ జుట్టు రాలుతుంటే పక్కనున్న పిల్ల, "అమ్మా, నీకు మళ్లీ వస్తుంది కదా" అంటోంది.

మావయ్య: పేపర్లో చూశాను.

మేనకోడలు: ఇప్పుడు నీ లెక్క చెప్పు. ఉద్యోగం వద్దు, డబ్బివ్వాలి అన్నావు. ఆవిడకి ఏ డబ్బుంది? కుటుంబ పింఛను లేదు. 2022లో రాష్ట్రంలో పాత పింఛను తిరిగి తెచ్చారు, అది నాకు వస్తుంది, ఆవిడకి రాదు. మీ రైల్వేలో సర్వీసులో ఉండగా పోతే పదేళ్లపాటు ఆఖరి మూలవేతనంలో సగం, ఆ తర్వాత 30 శాతం వస్తుంది. ఆ కుషను ఉన్నవాళ్లకి నీ వాదన చెప్పు, వింటారు. ఆవిడకి నౌకరీ ఒక్కటే మిగిలింది. దాన్ని కూడా తీసేసి ధర్మం చెప్తే ఎలా?

మావయ్య: ఆవిడ విషయంలో నా వాదన నడవదు. ఒప్పుకుంటాను. కానీ ఎందుకు నడవదో నువ్వు సరిగ్గా చూడాలి. ఆయన్ని పనిలో పెట్టుకున్నప్పుడే సర్కారు మోసం చేసింది. మాస్టారి పని చేయించుకుని మాస్టారి పింఛను ఇవ్వలేదు. ఇప్పుడా మోసాన్ని ఒక ప్యూను పోస్టుతో పూడ్చమని మనం బతిమాలుతున్నాం. పోస్టు ఇచ్చాక ఆ మోసం మాట ఎవరూ ఎత్తరు. ఆశా వర్కరు, అతిథి ఉపాధ్యాయుడు, ఔట్‌సోర్సింగ్ డ్రైవరు, రేపు వీళ్లంతా పోతారు. వాళ్లింటికి పింఛనూ లేదు, అనుకంపా లేదు. నేను డబ్బు, డబ్బు అంటున్నది అందుకు. పనిచేసే ప్రతివాడికీ ముందే ఆ భద్రత ఉండాలి. అప్పుడు చచ్చాక ఎవరి కరుణా అక్కర్లేదు.

మేనకోడలు: ఆ రోజు రావాలి, కాదనను. అది వచ్చేదాకా ఆవిడ ఏం తినాలి?

మావయ్య: అదే కదా, దరఖాస్తు రాద్దాం. ఆవిణ్ణి రేపు మళ్లీ రమ్మను. ఆ సంచీలో పనికొచ్చేవి అయిదో ఆరో. మిగతావి తీసి పక్కన పెడదాం, ఫొటో ఇంటి దగ్గర పెట్టుకోమను. మొదటి దరఖాస్తు ఎప్పుడు ఇచ్చిందో రసీదుందా?

మేనకోడలు: ఉంది. గుండ్రని ముద్ర, తేదీతో సహా. ఆయన పోయిన నాలుగో నెలలోనే ఇచ్చింది.

మావయ్య: అయితే ఆ తేదీతో మొదలుపెడదాం. ఆలస్యం ఆవిడది కాదని మొదటి వాక్యంలోనే పడాలి. ఒడిశా తీర్పు ఆరు నెలల మాట రెండో వాక్యం. ఆ తర్వాత అడగాల్సినవి రెండు. ఒకటి, ఆయన సర్వీసుని విలీనమైనవాళ్లతో సమానంగా చూసి కుటుంబ పింఛను ఇవ్వాలి. రెండు, అది తేలేలోగా నాలుగో శ్రేణిలో ఏదో ఒక పోస్టు.

మేనకోడలు: తిరగెయ్. ఉద్యోగం ఒకటి, పింఛను రెండు.

మావయ్య: పింఛను ఆయన చేసిన పనికి రావాల్సింది. అది ముందుండాలి. ఉద్యోగం ముందు పెడితే అడుక్కున్నట్టుంటుంది.

మేనకోడలు: పింఛను ముందు పెడితే అది ఫైనాన్సుకి పోతుంది, అక్కడ ఇంకో ఏడేళ్లు పడుకుంటుంది. పెద్దపిల్లకి వచ్చే ఏడు పన్నెండో తరగతి. ఉద్యోగమే ముందు రాయి మావయ్యా. చదువుకి తగ్గ పోస్టు, ఈ బ్లాకులోనే, టెట్ లేకుండా.